చౌక తుపాకి – చక్కని గుఱి

లక్ష్యవేధ మనగానే మనకు ద్రోణాచార్యుని శిష్యపరీక్ష జ్ఞప్తికి వచ్చును. చెట్టుకొమ్మపై కృత్రిమ పక్షిని నిలిపి, ఏమి కనుపించుచున్నదో చెప్పుమని గురువు ఒక్కొక్క శిష్యుని అడిగెను. ఎవరి విల్లు ఎంత వెల పెట్టి కొన్నదో మాత్రము ఆయన అడుగలేదు. శిష్యులలో పెక్కుమంది రాజకుమారులగుటచే ఆ ప్రశ్నకు అవసరము కలుగలేదు. నేటి లక్ష్యాభ్యాసికి మాత్రము ఆ ప్రశ్నయే మొట్టమొదట ఎదురగుచున్నది. గుఱి నేర్వవలెనని ముచ్చటపడు కళాశాల విద్యార్థి పందెపు తుపాకి వెల విని, ఇది మనవంటివారికి కాదనుకొని వెనుదిరుగును. కుమారుని కోరిక కాదనలేని తండ్రి తన తాహతుకు మించి అప్పు చేయును. ఊరిలో అభ్యాససంఘము పెట్టదలచినవారు, ఉన్న నిధితో ఒక మేలైన తుపాకి కొందుమా, నాలుగు సామాన్యమైనవి కొందుమా అని తర్జనభర్జనలు పడుదురు. తక్కువ వెలకు దొరకు .22 తుపాకి నేర్చుకొనువానికి చాలునా? చాలునో చాలదో తెలిసికొనుటకు దానిని ఏ విధముగా పరీక్షింపవలెను? ఈ రెండు ప్రశ్నలకు సమాధానము చెప్పుటయే ఈ ప్రసంగము ఉద్దేశము.

మొదట ఈ తుపాకి సంగతి తెలిసికొందము. వేటకును యుద్ధమునకును వాడు పెద్ద తూటాలలో పేలుడుగింజ అడుగుభాగము నడుమ ఉండును. .22 తూటాలో అట్లు కాదు. దాని ఇత్తడి గొట్టము అడుగున చుట్టును ఒక బోలు అంచు ఉండును. పేలుడుమసాలా ఆ అంచులోనే నిండియుండును. తుపాకిలోని సూది ఆ అంచును నలుగగొట్టగనే మసాలా రగిలి, మందు అంటుకొని, సీసపు గుండు బయలుదేరును. సూదిదెబ్బకు నలుగవలెనన్న అంచు పలుచగా ఉండవలెను. అంచు పలుచనైనప్పుడు లోపలి ఒత్తిడి మితముగా ఉండవలెను. కావుననే ఈ తూటా చిన్నది, తక్కువ శబ్దము కలది, భుజమునకు దెబ్బ తగులనీయనిది. ఒకమాఱు నలిగిన అంచు మరల పనికిరాదు కనుక కాల్చిన గొట్టమును తిరిగి నింపి వాడుకొను వీలులేదు. అయినను తయారీ సులభమగుటచే తుపాకితూటాలలో కెల్ల ఇదియే చౌకయైనది.

ఈ పద్ధతికి నూటడెబ్బది ఏండ్లకు పైబడిన చరిత్ర కలదు. 1845 ప్రాంతమున ఫ్రాన్సులో ఫ్లోబేర్ అను తుపాకి శిల్పి ఇంటి హాలులో వినోదముగా కాల్చుకొనుటకు తగిన చిన్న తూటాను కల్పించెను. 1857లో అమెరికాలోని స్మిత్ అండ్ వెసన్ వారు దానిని పెంపొందించి తమ చిన్న రివాల్వరుకు .22 పొట్టి తూటాను సిద్ధపఱచిరి. 1887లో స్టీవెన్సు సంస్థవారు ప్రవేశపెట్టిన ‘లాంగ్ రైఫిల్’ అను తూటాయే నేడు ప్రపంచమంతట లక్ష్యాభ్యాసమునకు వాడుకలో నున్నది. దాని గుండు సామాన్యముగా 40 గ్రెయినులు, అనగా సుమారు 2.6 గ్రాములు తూగును, వ్యాసము 5.6 మిల్లీమీటర్లు.

చౌక అభ్యాసము అను భావము కూడ క్రొత్తది కాదు. 1899 మొదలు 1902 వఱకు జరిగిన బోయరుయుద్ధములో తమ సైనికులకు గుఱి చాలకపోవుట చూచి బ్రిటిషువారు కలతచెందిరి. అంతకుముందు భారతసేనకు సేనాధిపతిగా పనిచేసిన లార్డ్ రాబర్ట్స్ మున్నగువారి ప్రోత్సాహముతో 1901లో కార్మికుల రైఫిల్ సంఘముల సమాజము ఇంగ్లండున ఏర్పడెను. పెద్ద తుపాకిని, దానికి వలసిన విశాలమైన మైదానమును భరింపలేని కార్మికుడు, గుమాస్తా, పనిముగించుకొని సాయంకాలము ఒక చిన్న షెడ్డులో .22తో గుఱి నేర్చుకొనవచ్చునని వారి తలంపు. 1908 లండన్ ఒలింపిక్సులో చిన్నతుపాకి పందెములకు స్థానము లభించెను. కనుక .22 తుపాకి మొదటినుండియు సామాన్యుని చేతికి అందవలెనన్న ఆశయముతో వ్యాపించినదే.

మన దేశములోను ఈ తుపాకి అపరిచితము కాదు. 1948లో స్థాపింపబడిన ఎన్.సి.సి.లో చేరిన విద్యార్థులలో పెక్కుమంది మొదట చేతపట్టిన తుపాకి .22యే. 1951లో, లోకసభ మొదటి స్పీకరుగా ప్రసిద్ధుడైన మావలంకరుగారి ఆధ్వర్యమున జాతీయ రైఫిల్ సంఘము ఏర్పడెను. 1959లో చేసిన ఆయుధముల చట్టమున, గుర్తింపుపొందిన రైఫిల్ సంఘ సభ్యుడు లక్ష్యాభ్యాసమునకై కోరు .22 తుపాకిని, గాలితుపాకిని పేరుపెట్టి పేర్కొని, లైసెన్సు విషయమున ప్రత్యేకముగా తలచినారు. ఇక్కడ ఒక మాట స్పష్టము చేయవలెను. మన దేశములో .22 తుపాకి ఆటవస్తువు కాదు. అది లైసెన్సు లేనిదే ఎవరును ఉంచుకొనరాని ఆయుధము. కావున నేర్వగోరువాడు మొదట పోవలసినది అంగడికి కాదు, గుర్తింపుగల సంఘమునకు. అక్కడి తుపాకితో కొంతకాలము అభ్యాసము చేసిన పిమ్మటనే కొనుటను గూర్చి ఆలోచింపవలెను.

ఇక అసలు ప్రశ్నకు వత్తము. తుపాకి ఎంత కచ్చితముగా కాల్చిన చాలును? దీనికి అభిప్రాయములతో పనిలేదు. లక్ష్యపటమే సమాధానము చెప్పును. అంతర్జాతీయ పందెములలో 50 మీటర్ల దూరమున నిలుపు పటమున పదింటి వలయము వ్యాసము 10.4 మిల్లీమీటర్లు. తొమ్మిదింటి వలయము 26.4 మిల్లీమీటర్లు. గుండు వలయపు గీతను తాకినను ఆ మార్కు లభించును. పదింటి వలయము వ్యాసార్ధము 5.2; గుండు వ్యాసార్ధము 2.8, రెండును కలిపిన 8. అనగా గుండు నడిబిందువు పటము కేంద్రమునుండి 8 మిల్లీమీటర్లలోపల పడిన పది మార్కులు వచ్చును. ఆ లెక్కనే 16 మిల్లీమీటర్లలోపల పడిన తొమ్మిదికి తగ్గదు.

ఇప్పుడు ఒక తుపాకిని ఇసుకసంచులపై కదలకుండ ఉంచి కాల్చినపుడు, దాని గుండ్ల నడిబిందువులన్నియు 25 మిల్లీమీటర్ల వ్యాసముగల వృత్తములో ఇముడుచున్నవనుకొందము. మంచి స్థితిలోనున్న చౌక తుపాకినుండి, దానికి సరిపడు తూటాతో, ఇంతమాత్రము ఆశించుట అత్యాశ కాదు. ఆ వృత్తము పటము నడుమకు సరిగా కుదిరినచో, ఏ గుండును కేంద్రమునుండి పన్నెండున్నర మిల్లీమీటర్లకు మించి తొలగదు. అనగా ఆ తుపాకి తనంతట తాను ఏ దెబ్బకును ఒక మార్కుకంటె ఎక్కువ పోగొట్టదు. పందెపు తుపాకి వృత్తము 16 మిల్లీమీటర్లలోపల ఉండును గనుక అది ఆ ఒక్క మార్కును కూడ పోనీయదు. రెంటికిని వెలలో ఉన్న అంతరము పెక్కురెట్లు. మార్కులలో ఉన్న అంతరము దెబ్బకు ఒకటి, అదియు ఎల్లప్పుడు కాదు.

అయితే తుపాకిని కాల్చునది ఇసుకసంచి కాదు, మనుష్యుడు. అతని ఊపిరి, గుండెచప్పుడు, చేతివణకు, తొందరపాటు అన్నియు తుపాకి దోషమునకు తోడగును. ఈ దోషములు ఒకదానిపై ఒకటి నేరుగా కూడవు. రెంటి వర్గములను కూడి, ఆ మొత్తమునకు వర్గమూలము తీయవలెను. నిలుచుండి కాల్చుట క్రొత్తగా నేర్చుకొనువాని గుండ్లు 100 మిల్లీమీటర్ల మేర చెదరుచున్నవనుకొనుడు. అతని చేత 25 మిల్లీమీటర్ల చౌక తుపాకి ఉంచిన మొత్తపు చెదరు 103 మిల్లీమీటర్లగును. 10 మిల్లీమీటర్ల పందెపు తుపాకి ఉంచిన నూటికి అర మిల్లీమీటరు మాత్రమే ఎక్కువ. అనగా ఎన్నో రెట్లు వెచ్చించి అతడు కొన్న లాభము రెండున్నర మిల్లీమీటర్లు! అదే, పరుండి కాల్చుటలో ఆరితేరి, తన చెదరును 15 మిల్లీమీటర్లకు తగ్గించుకొన్న నిపుణుని సంగతి వేఱు. అతనికి చౌక తుపాకితో 29, పందెపు తుపాకితో 18 వచ్చును. ఆ స్థితికి వచ్చినవానికి తుపాకి నిజముగా అడ్డుపడుచున్నదన్నమాట. నేర్చుకొనువానికి అడ్డుపడునది తుపాకి కాదు, అభ్యాసలోపము. మేలైన తుపాకిని కొనుటకు తగిన కాలము ఎప్పుడన్న ప్రశ్నకు ఈ లెక్కయే సమాధానము.

ఐనచో ఏ చౌక తుపాకియైనను చాలునా? చాలదు. గొట్టము కచ్చితత్వములో నేర్చుకొనువానికి కొంత లోపమున్నను పరవాలేదు గాని, మూడు విషయములలో లోపముండరాదు. అవి మీట, గుఱి సాధనము, తుపాకి ఒంటికి అమరుట. ఏలన ఈ మూడును అభ్యాసిలో చెడు అలవాట్లను నాటును. గొట్టము చెడ్డదైన మార్కు పోవును. మీట చెడ్డదైన విద్యయే పోవును.

మీట అనగా వ్రేలితో నొక్కి కాల్చు ట్రిగ్గరు. చౌక తుపాకులలో మీట బిగువు తఱచుగా ఐదాఱు పౌనులుండును. తుపాకి బరువే ఐదాఱు పౌనులైనప్పుడు, దానంత బరువును ఒక వ్రేలితో లాగుచు తుపాకిని కదలనీయకుండుట ఎంత కష్టమో ఊహించుకొనవచ్చును. అభ్యాసి విసిగి మీటను ఒక్కసారిగా గుంజును. ఆ గుంజుటయే అలవాటై, తరువాత మంచి తుపాకి చేతికి వచ్చినను వదలదు. కావున కొనుటకు ముందు తుపాకి ఖాళీగానున్నదని నిశ్చయించుకొని, మీటపై స్ప్రింగుతక్కెడ తగిలించి పదిమాఱులు లాగి చూడవలెను. బిగువు రెండు మూడు పౌనులున్న మేలు. అంతకంటె ముఖ్యము, పదిమాఱులును ఒకే బిగువుండుట. నడుమ ఇసుకరాయినట్లు గరగరలాడు మీట, తేలికగానున్నను పనికిరాదు.

గుఱి సాధనము రెండవది. చౌక తుపాకికి సామాన్యముగా గొట్టముపై ఒక చీలిక, కొనయందు ఒక పూస ఉండును. ఈ రెంటి నడుమ దూరము ఎంత తక్కువైన దోషము అంత ఎక్కువ. కంటియొద్ద రంధ్రము, కొనయందు వలయముగల సాధనములు అమర్చి ఆ దూరము 600 మిల్లీమీటర్లు చేసినచో, పూస మిల్లీమీటరులో పదవవంతు తొలగినపుడు 50 మీటర్ల దూరమున గుండు ఎనిమిది మిల్లీమీటర్లకు పైగా తొలగును. దూరము సగమైన ఆ తప్పు రెట్టింపగును. అందుచేత వెనుక రంధ్రపు సాధనమును బిగించుటకు తగిన గాడి తుపాకిపై ఉన్నదా అని తప్పక చూడవలెను. దుర్బిని తగిలించిన గుఱి సులభమగునుగాని, 50 మీటర్ల ఒలింపిక్ రైఫిల్ పందెములలో దుర్బినికి అనుమతి లేదు. పందెము లక్ష్యముగా పెట్టుకొన్నవారు మొదటినుండి రంధ్రపు సాధనమునకే కన్నును అలవాటు చేసికొనుట మంచిది.

మూడవది అమరిక. తుపాకి మడమ భుజమున ఆనినపుడు చెంప సహజముగా కొయ్యపై వ్రాలవలెను. కన్ను దానంతట అది గుఱిరేఖకు రావలెను. మెడ సాచియో వంచియో చూడవలసి వచ్చిన, ఆ తుపాకి ఎంత మంచిదైనను మీది కాదు. పొడుగు తక్కువవారికి, బాలబాలికలకు ఈ చిక్కు తఱచుగా కలుగును. మడమకు పలకలు చేర్చియో తీసియో పొడవును మార్చుకొను వీలున్న తుపాకి సంఘములకు ఎంతయు ఉపయోగము. ఒక్క తుపాకి పదిమందికి అమరును.

ఇప్పుడు ఒక నిజమైన తుపాకిని ఈ ప్రమాణములతో తూచి చూతము. అమెరికాలో చౌక .22 అనగానే మొదట వినబడు పేరు రూగర్ 10/22. ఇది 1964లో వెలువడినది. అప్పటినుండి లక్షల సంఖ్యలో తయారై, ఆ దేశమున ఎందఱికో తొలి తుపాకి అయినది. బరువు సుమారు ఐదు పౌనులు. గొట్టము పొడవు పదునెనిమిదిన్నర అంగుళములు. దీని మేగజీను గుండ్రముగా తిరుగునది. పది తూటాలు పట్టును. తుపాకి అడుగున బయటకు పొడుచుకొని రాకుండ లోపలనే ఇముడును. .22 తూటాలకు అంచులుండుటచే ఒకదాని అంచు మఱొకదానికి తగులుకొని చిక్కుపడుట సాధారణదోషము. ఈ తిరుగుడు మేగజీనులో ప్రతి తూటాకు వేఱువేఱు గది ఉండుటచే ఆ చిక్కు చాలవఱకు తప్పినది. గొట్టమును రెండు మరలు, ఒక దిమ్మె పట్టియుంచును. కావున గొట్టమును, మీట పెట్టెను, కొయ్యను యజమాని ఒక్కొక్కటిగా మార్చుకొనగలడు. చేతిలో సొమ్ము ఉన్నప్పుడెల్ల కొంత కొంతగా మెఱుగుపఱచుకొనగల తుపాకి ఇది. దీని కీర్తికి ముఖ్యకారణమదే.

దోషములు కూడ చెప్పవలెను. కార్ఖానానుండి వచ్చు సాధారణపు మీట బిగువైనది. తూటా నిలుచు గది, ఏ రకపు తూటాయైనను సులభముగా చొచ్చుటకై కొంత వదులుగా చేయబడినది. అందుచే కచ్చితత్వము కొంత తగ్గును. తొలినాటి నిర్మాణములో వెనుకవైపు మూసియుండుటచే శుభ్రపఱచు కడ్డీని గొట్టము మూతినుండియే దూర్పవలసి వచ్చును. కడ్డీ రాపిడిచే మూతి అంచు అరిగిన గుఱి చెడును. అన్నిటికంటె ముఖ్యమైనది, ఇది ఒక గుండు వెడలగనే తనంతట తాను మఱొక తూటాను ఎక్కించుకొనునది. మీట నొక్కినన్ని మాఱులు పేలును. సరదాకు ఇది సుగుణమే కాని, క్రొత్తవానికి తొందర నేర్పును. పది తూటాలు పదిసెకనులలో ఖర్చగును. ఒక్కదానినుండియు పాఠము దక్కదు.

బోల్టు తుపాకి దీనికి భిన్నము. ఒక్కొక్క తూటాకు చేతితో బోల్టును పైకెత్తి, వెనుకకు లాగి, ముందుకు తోయవలెను. ఆ నాలుగు క్షణములలో అభ్యాసి ఊపిరి తీసికొనును; కిందటి దెబ్బ ఏలయట్లు పోయినదో ఆలోచించుకొనును. నిర్మాణము సరళము, కదలు భాగములు తక్కువ, అదే వెలకు గొట్టమునకు, మీటకు ఎక్కువ శ్రద్ధ పెట్టుట తయారీదారునకు సాధ్యమగును. బోల్టు తీసినచో వెనుకవైపునుండియే శుభ్రపఱచవచ్చును. బోల్టు తెఱచియుండుట దూరమునుండియు కనబడును గనుక శిక్షకునికి నిశ్చింత. మన ఎన్.సి.సి. విద్యార్థులకు ఇచ్చు .22 తుపాకి బోల్టుదే. లక్ష్యాభ్యాసమే ప్రయోజనమైనచో, సమానమైన వెలలో బోల్టు తుపాకినే ఎన్నుకొనుట యుక్తమని నా అభిప్రాయము.

పరీక్షించు విధము ఇక చెప్పెదను. గాలి లేని ఉదయమున 50 మీటర్ల దూరమున పటము నిలిపి, బల్లపై ఇసుకసంచులు వైచి, తుపాకిని వానిపై ఆనించి కాల్చవలెను. మూడు గుండ్లు ఒకే రంధ్రమున దూఱినవని పటము చూపి అమ్మజూపువారుందురు. దానిని నమ్మరాదు. ఒకే తుపాకినుండి మూడు గుండ్ల గుంపుకంటె పది గుండ్ల గుంపు సగటున ఒకటిన్నర రెట్లకు పైగా పెద్దదిగా వచ్చునని గణితశాస్త్రము చెప్పుచున్నది. అందుచే అయిదేసి గుండ్ల గుంపులు అయిదు కాల్చి సగటు తీయవలెను. ప్రతి గుంపులో మిక్కిలి ఎడమైన రెండు రంధ్రముల వెలుపలి అంచుల నడిమి దూరమును కొలిచి, అందుండి 5.6 తీసివేసిన నడిబిందువుల దూరము వచ్చును. ఉదాహరణకు అట్టి అయిదు గుంపులు 14, 22, 31, 19, 24 మిల్లీమీటర్లుగా వచ్చినవనుకొందము. సగటు 22. అమ్మువాడు 14ను చూపును. గిట్టనివాడు 31ని చూపును. తుపాకి మాత్రము 22దే.

ఆ అయిదు గుంపులును ఒకేరకపు తూటాతో కాల్చవలెను. తరువాత వేఱొకరకపు తూటాతో పరీక్ష మరల చేయవలెను. .22 విషయమున ఇది చాల ముఖ్యము. ఒక గొట్టమునకు పొసగిన తూటా అదే జాతి మఱొక గొట్టమునకు పొసగకపోవచ్చును. కారణము గదికొలతలలో, చాళ్ళలో ఉండు సూక్ష్మభేదములు. తూటా మార్చినపుడు మొదటి పదిగుండ్లను లెక్కలోనికి తీసికొనరాదు. గుండుపై పూసిన మైనము క్రొత్తది గొట్టమున పట్టుకొను వఱకు గుఱి స్థిరపడదు.

వేగముగల తూటా మంచిదను భ్రమ ఒకటి కలదు. సాధారణవేగపు తూటా సెకనుకు సుమారు 320 మీటర్ల వేగముతో బయలుదేరును. ధ్వనివేగము సుమారు 340. అతివేగపు తూటా ధ్వనిని మించి బయలుదేరి, దారిలో వేగము కోల్పోవుచు ధ్వనివేగపు మేరను దాటి దిగును. ఆ దాటుటలో గుండు కొంత తల్లడిల్లును. అంతేకాదు, వినుటకు వింతగా ఉండును గాని, అడ్డగాలికి ఈ అతివేగపు గుండే సాధారణవేగపు గుండుకంటె ఎక్కువ పక్కకు కొట్టుకొనిపోవును. గాలి తొలగించునది ప్రయాణకాలమును బట్టి కాదు, దారిలో గుండు కోల్పోయిన వేగమును బట్టి. కావున లక్ష్యాభ్యాసమునకు సాధారణవేగపు తూటాయే తగినది.

వేగము ఎంత అనుదానికంటె అన్ని తూటాలకును ఒకటే వేగముండుట ముఖ్యము. 50 మీటర్లు పోవునప్పటికి గుండు భూమ్యాకర్షణచే సుమారు 125 మిల్లీమీటర్లు క్రిందికి దిగును. వేగములో పది మీటర్ల తేడా వచ్చిన ఆ దిగుడులో సుమారు ఎనిమిది మిల్లీమీటర్ల తేడా వచ్చును. పటముపై గుండ్లు నిలువుగా బారుతీరియున్నవనిన, తుపాకిని నిందించుటకు ముందు తూటాను అనుమానింపవలెను.

పాతతుపాకి కొనువారు మఱికొన్ని చూడవలెను. గొట్టము మూతి అంచు నిగనిగలాడుచు గాయములు లేకుండవలెను. గొట్టము లోపల వెలుతురు పఱచి చూచినపుడు ఒకచోట నల్లని ఉంగరమువంటి గీత కనబడిన, ఎప్పుడో అడ్డుపడిన గుండుపై మఱొక గుండు కాల్చినారని, అక్కడ గొట్టము ఉబ్బినదని అర్థము. అది కొనరాదు. గది అంచున సూది పడిన గుంట ఉన్నదా అని చూడవలెను. తూటా లేకుండ మీట నొక్కుచుండుట ఈ జాతి తుపాకులలో పెక్కింటికి హానికరము. సూది ఇత్తడి అంచునకు బదులు గది ఉక్కు అంచును కొట్టి, గదిని గుంటపఱచును; సూదియు మొద్దువాఱును. అప్పుడు తూటాలు సరిగా పేలవు. నూఱు తూటాలలో ఎన్ని పేలలేదో లెక్కవ్రాసి చూచిన తుపాకి ఆరోగ్యము బయటపడును.

ఇక ఖర్చు. వారమునకు నూఱు తూటాలు కాల్చువాడు ఏడాదికి అయిదువేలు కాల్చును. ఆ తూటాల వెల కూడిన పెక్కుచోట్ల చౌక తుపాకి వెలను ఒకటి రెండేండ్లలోనే మించును. అనగా లక్ష్యాభ్యాసములో పెద్ద ఖర్చు తుపాకి కాదు, తూటా. ఉన్న సొమ్మంతయు తుపాకిపై పెట్టి, తూటాలు కొనలేక దానిని గోడకు చేరవేసినవాడు నేర్వలేడు. సామాన్యమైన తుపాకి కొని, మిగిలిన సొమ్ము తూటాలకు, మైదానపు రుసుమునకు, మంచి శిక్షకునికి వెచ్చించినవాడు నేర్చును. తూటా కూడ బరువైనపుడు గాలితుపాకితో పది మీటర్ల అభ్యాసము సాగింపవచ్చును. నిలుకడ, ఊపిరి, మీట నొక్కు నేర్పు రెంటికిని ఒకటియే. హైదరాబాదులో పెరిగిన గగన్ నారంగు 2012 లండన్ ఒలింపిక్సులో కాంస్యపతకము గెలిచినది ఆ పది మీటర్ల గాలితుపాకి పందెములోనే.

చౌకయైనదని, చిన్నదని ఈ తుపాకిని తేలికగా చూడరాదు. .22 గుండు మైలుకు పైగా పోగలదు, ప్రాణము తీయగలదు. ప్రతి తుపాకిని నిండుతుపాకిగానే ఎంచవలెను. మూతిని ఎన్నడును మనుష్యులవైపు త్రిప్పరాదు. గుఱి కుదురువఱకు వ్రేలు మీటపై ఉండరాదు. పటము వెనుక ఏమున్నదో తెలియనిదే కాల్చరాదు. తూటా పేలనప్పుడు వెంటనే బోల్టు తెఱువక, మూతిని పటమువైపే ఉంచి అరనిమిషము ఆగవలెను. మందు ఆలస్యముగా అంటుకొనవచ్చును. చెవులకు, కన్నులకు రక్షణ ఉండవలెను. గుండు సీసము, ఆ ధూళి చేతులకు అంటును. అభ్యాసము ముగియగనే చేతులు కడుగుకొననిదే ఏమియు తినరాదు. ఈ నియమములు తుపాకి వెలతో మాఱవు.

2024 ఆగస్టు 1వ తేదీన పారిస్ ఒలింపిక్సులో కొల్హాపూరు జిల్లాకు చెందిన స్వప్నిల్ కుసాలే 50 మీటర్ల రైఫిల్ మూడుభంగిమల పందెములో 451.4 మార్కులతో కాంస్యము గెలిచెను. ఆ పందెములో భారతదేశమునకు అదియే మొదటి ఒలింపిక్ పతకము. ఆయన రైల్వేలో ఉద్యోగి. అంతటి స్థాయికి వచ్చినవానికి అత్యుత్తమమైన తుపాకి కావలెననుటలో సందేహము లేదు. ఆ సంగతి పైన చూపిన లెక్కయే చెప్పుచున్నది. కాని ఆ స్థాయికి పోవు దారి మొదటి మెట్టు అందఱికి అందునట్లుండవలెను. నిధి తక్కువగానున్న సంఘము ఒక ఖరీదైన తుపాకి కొని బీరువాలో దాచుటకంటె, మీట మంచిది, అమరిక మార్చుకొనదగినది, 25 మిల్లీమీటర్ల వృత్తములో గుండ్లనుంచునది అగు సామాన్యమైన బోల్టు తుపాకులు నాలుగు కొనిన, నలుగురు పిల్లలు ఒకేసారి పటము ముందు పరుండగలరు. వారిలో ఎవని గుఱి తుపాకిని మించిపోవునో పటములే చెప్పును. అప్పుడు వానికొఱకు మేలైన తుపాకిని వెదకవచ్చును.